నొక్కినవాడిదే తప్పా?

బ్యాంకు స్టేట్‌మెంటులో తాను ఎరగని సాఫ్ట్‌వేర్ చందా పేరున డబ్బు కట్ అయిందని గమనించిన ఖాతాదారుకు బ్యాంకు కౌంటరు దగ్గరైనా, సెల్‌ఫోన్ దుకాణంలోనైనా, ఇంట్లో చదువుకున్న పిల్లల నోటనైనా ఎదురయ్యే తీర్పు ఒక్కటే: ఎక్కడో ఏదో నొక్కి ఉంటారు, చూసుకోవలసింది మీరే. ఈ తీర్పు వెనకాలే మరి రెండు మాటలు వస్తాయి. నొక్కడమంటే అనుమతి ఇవ్వడమే కనుక ఇక బ్యాంకు చేయగలిగింది ఏమీ లేదన్నది ఒకటి. పోయింది నూటయాభయ్యో రెండొందలో కనుక దాని వెంట పడడం దండగ అన్నది మరొకటి. ఉపాధి హామీ కూలి మొదలుకొని ధాన్యం డబ్బు దాకా ఖాతాల్లోనే జమ అవుతూ, కూరల బండి దగ్గర కూడా ఫోన్‌తోనే చెల్లింపు జరుగుతున్న బొబ్బిలి వంటి పట్టణాల్లో ఈ మూడు మాటలూ లోకజ్ఞానంగా చలామణి అవుతున్నాయి. వీటిలో మొదటిది సగం నిజం, రెండోది నిబంధనలు చదవనివారి మాట, మూడోది ఆ చందాలు అమ్మేవారు మనసారా కోరుకునే మాట.

ముందుగా ఆ నొక్కడం అన్నది ఏమిటో విప్పి చూడాలి. ఒక సాఫ్ట్‌వేర్ కంపెనీ ఖాతా నుంచి నెలనెలా తనంతట తానే డబ్బు తీసుకోవాలంటే దానికి ఖాతాదారు ముందస్తు అనుమతి కావాలి. బ్యాంకుల పరిభాషలో దీనినే మ్యాండేట్ అంటారు. ఇది డెబిట్ లేదా క్రెడిట్ కార్డు మీద ఉండవచ్చు. జాతీయ చెల్లింపుల సంస్థ 2020 జులైలో ప్రవేశపెట్టిన యూపీఐ ఆటోపే ద్వారా నేరుగా ఖాతా మీదే ఉండవచ్చు. బీమా ప్రీమియాలకూ అప్పుల వాయిదాలకూ ఎక్కువగా వాడే నాచ్ పద్ధతిలోనూ ఉండవచ్చు. ఎంత మొత్తం, ఎన్నాళ్లకోసారి, ఎప్పటిదాకా అన్నవి అందులోని ముఖ్యాంశాలు. ఆ మొత్తం ఖచ్చితమైన అంకె కావచ్చు, లేదా ఇంతకు మించకుండా అనే గరిష్ఠ పరిమితి కావచ్చు. తగాదాలు ఎక్కువగా ఈ గరిష్ఠ పరిమితి దగ్గరే పుడతాయి, ఎందుకంటే ఆ గీత లోపల ఈ నెల ఒక మొత్తం, వచ్చే నెల మరో మొత్తం తీసుకోవడానికి కంపెనీకి వీలుంటుంది.

ఒక్క రూపాయికి ఏడు రోజులు వాడి చూడండి అని పిలిచే యాప్ తెరను దగ్గరగా పరిశీలిస్తే సంగతి బోధపడుతుంది. రూపాయి అంకె తెర నడుమ రంగుల్లో మెరుస్తుంటుంది. ఏడు రోజులు గడిచాక నెలకు ఎంత కోత పడుతుందో మాత్రం అడుగున, బూడిద రంగు చిన్న అక్షరాల్లో, సాధారణంగా ఇంగ్లీషులో ఉంటుంది. మీట నొక్కగానే చెల్లింపుల యాప్ తెరుచుకుని పిన్ అడుగుతుంది. టీకొట్టులో పది రూపాయలకూ, మందుల దుకాణంలో ఐదు వందలకూ రోజూ అదే పిన్ కొట్టే చేతికి, ఇప్పుడు కొడుతున్నది రూపాయి చెల్లించడానికి మాత్రమే కాదనీ, ఏళ్ల తరబడి నెలనెలా కొన్ని వందల దాకా తీసుకునే హక్కును రాసివ్వడానికనీ తట్టే అవకాశం తక్కువ. పిన్ ఒకటే, తెర ఒకటే, వేలి కదలిక ఒకటే. ఒప్పందాలు మాత్రం రెండు. ఆ రెంటినీ ఒకే కదలికలో కలిపివేయడం ఖాతాదారు అజాగ్రత్త వల్ల జరిగేది కాదు, తెరను రూపొందించినవారు ఆలోచించి చేసే పని.

1872 నాటి భారత ఒప్పందాల చట్టం 13వ సెక్షన్ ప్రకారం ఇద్దరు ఒకే విషయాన్ని ఒకే అర్థంలో ఒప్పుకుంటేనే అది సమ్మతి అవుతుంది. బలవంతం, అనుచిత ప్రభావం, మోసం, తప్పుదారి పట్టించే ప్రకటన, పొరపాటు అన్నవి దానికి కారణం కానప్పుడే అది స్వేచ్ఛా సమ్మతి అని 14వ సెక్షన్ చెబుతుంది. అమ్మేవారు ఏళ్ల చందా అనుకుంటూ, కొనేవారు రూపాయి బేరం అనుకుంటూ కుదిరిన దానిని సమ్మతి అని పిలవడానికి ముందు కాస్త తటపటాయించాలి. నొక్కారు గనుక ఒప్పుకున్నారు అనేవారు వేలి కదలికను చూస్తున్నారే గాని, ఆ వేలికి తెర మీద ఏం చూపించారన్నది అడగడం లేదు.

ఆ తరువాత వచ్చేది స్టేట్‌మెంటు. చూసుకోవలసింది మీరే అనే సలహా ఎంత బోలుదో ఇక్కడ బయటపడుతుంది, ఎందుకంటే అక్కడ చూడడానికి ఉన్నది కొన్న వస్తువు పేరు కాదు. యాప్ దుకాణం ద్వారా తీసుకున్న చందా అయితే యాప్ పేరుకు ముందు గూగుల్ అనో, అసలు యాప్ పేరే లేకుండా ఆపిల్.కామ్/బిల్ అనో పడుతుంది. విదేశీ సాఫ్ట్‌వేర్లలో చాలా వాటికి వసూలు బాధ్యత వేరే సంస్థ తీసుకుంటుంది. అధికారిక విక్రేతగా తానే నిలబడి, బిల్లు తన పేరున వేసి, పన్నులు తానే కట్టి, మిగిలిన దానిని సాఫ్ట్‌వేర్ తయారీదారుకు పంపుతుంది. అందువల్ల ఫొటోలు దిద్దే సాఫ్ట్‌వేర్ కొన్నవారి స్టేట్‌మెంటులో పాడిల్.నెట్ అనే పేరు, పక్కన ఒక నక్షత్రపు గుర్తు, దాని పక్కన కత్తిరించిన నాలుగైదు అక్షరాలు కనిపించవచ్చు. పది డాలర్ల చందా ఆ రోజు మారకం రేటులో 900 రూపాయలైందనుకుంటే, విదేశీ మారకపు రుసుము మూడున్నర శాతం చొప్పున 31 రూపాయల 50 పైసలు, దాని మీద 18 శాతం జీఎస్టీ 5 రూపాయల 67 పైసలు వేరే వరుసల్లో, ఒక్కోసారి వేరే తేదీల్లో పడతాయి. ఒక్క కొనుగోలుకు మూడు కోతలు కనిపించిన ఖాతాదారు ఇది సైబర్ దొంగల పని అని భయపడడం అతని తెలివితక్కువతనం కాదు. ఆ కాగితం అలా రాసి ఉంది.

బొబ్బిలిలో గాని, సాలూరు, పార్వతీపురాల్లో గాని పెళ్లి ఆల్బమ్‌లు చేసే ఫొటో స్టూడియోల వృత్తిని తీసుకుంటే ఈ గజిబిజికి ఇంకో పొర కనిపిస్తుంది. ఒకసారి కొనుక్కుని కొన్నేళ్లు వాడుకునే పద్ధతికి అడోబ్ సంస్థ 2013లో స్వస్తి పలికి, కొత్త ఫొటోషాప్‌ను చందా మీదే ఇవ్వడం మొదలుపెట్టింది. ఏడాది ఒప్పందం, నెలనెలా చెల్లింపు అనే ఆ సంస్థ పథకంలో మధ్యలో మానుకుంటే మిగిలిన నెలల మొత్తంలో సగం రద్దు రుసుముగా చెల్లించాలి. ఈ రుసుమును చందాదారులకు స్పష్టంగా చూపించకుండా దాచారని, రద్దు దారిని కావాలనే కష్టం చేశారని ఆరోపిస్తూ అమెరికా ప్రభుత్వం 2024 జూన్‌లో ఆ సంస్థ మీద కోర్టుకెక్కింది. మూఢంలో పెళ్లిళ్లు ఉండవు కనుక ఆ నెలలకు చందా ఆపుకుందామనుకునే స్టూడియో యజమానికి నెలసరి చందా వేరు, నెలసరి చెల్లింపుతో ఏడాది చందా వేరు అన్న తేడా రద్దు మీట నొక్కిన రోజునే తెలియడం మామూలు. అమెరికా ప్రభుత్వానికే కోర్టుకెక్కవలసినంత మరుగున ఉన్నదని తోచిన నిబంధనను ఒక చిన్న ఊరి ఫొటోగ్రాఫరు ముందే చదివి ఉండవలసిందని గద్దించడం న్యాయం అనిపించుకోదు.

యాప్ తీసేశాం గదా, ఇంకా ఎందుకు కట్ అవుతోంది అన్న ప్రశ్న కూడా తరచుగా వినిపిస్తుంది. ఫోన్ నుంచి యాప్‌ను తొలగించడం వేరు, చందాను రద్దు చేయడం వేరు. యాప్ పోయినా మ్యాండేట్ యాప్ దుకాణంలోనూ బ్యాంకులోనూ బతికే ఉంటుంది. ఈ సంగతి గూగుల్ తన సహాయ పుటల్లో రాసుకుంది కూడా. వస్తువును తిరిగి ఇచ్చేస్తే బేరం ముగిసినట్టే అన్నది బజారులో అందరూ ఎరిగిన ధర్మం. ఫోన్‌లో అది వర్తించదని ముందుగా చెప్పవలసిన బాధ్యత ఆ ధర్మాన్ని మార్చినవారిదే తప్ప, పాత ధర్మాన్ని నమ్మినవారిది కాదు.

ఇక రెండో మాటకు వస్తే, ఒకసారి అనుమతి ఇచ్చాక బ్యాంకు చేయగలిగింది లేదన్నది భారతదేశంలో 2021 అక్టోబరు 1 నుంచి చెల్లని వాదన. రిజర్వు బ్యాంకు 2019 ఆగస్టు 21న కార్డుల మీద పదేపదే జరిగే చెల్లింపుల గురించి ఒక సర్క్యులర్ ఇచ్చింది. 2020 జనవరిలో దానిని యూపీఐకి విస్తరించింది. బ్యాంకులూ కంపెనీలూ సిద్ధంగా లేవని 2021 మార్చి ఆఖరు నుంచి సెప్టెంబరు ఆఖరు దాకా గడువు పొడిగించింది. దేశంలోనివైనా విదేశీవైనా ఈ పద్ధతికి లోబడని పునరావృత చెల్లింపులు సాగరాదన్నది దాని సారాంశం. పిన్ గాని ఓటీపీ గాని మళ్లీ అడగకుండా తీసుకోదగిన మొత్తానికి మొదట 2,000 రూపాయలు, 2021 జనవరి నుంచి 5,000, 2022 జూన్ నుంచి 15,000 పరిమితిగా ఉంటూ వచ్చింది. మ్యూచువల్ ఫండ్లకూ, బీమాకూ, క్రెడిట్ కార్డు బిల్లులకూ 2023 డిసెంబరులో దానిని లక్షకు పెంచారు.

ఈ అంకెల కన్నా ముఖ్యమైనది ఆ సర్క్యులర్ సమ్మతిని అర్థం చేసుకున్న తీరు. నమోదు చేసేటప్పుడు ఓటీపీ లేదా పిన్‌తో అనుమతి తీసుకోవడంతో పని అయిపోదు. డబ్బు తీయడానికి కనీసం 24 గంటల ముందు, వ్యాపారి పేరు, మొత్తం, తేదీ, సమయం, మ్యాండేట్ సంఖ్య, కోతకు కారణం తెలుపుతూ బ్యాంకు ఖాతాదారుకు సందేశం పంపాలి. ఆ సందేశం అందుకున్నవారు ఆ ఒక్క కోతను గాని, మొత్తం మ్యాండేటును గాని వద్దనవచ్చు. వద్దన్న తరువాత డబ్బు పోకుండా చూడవలసింది బ్యాంకే. కోత పడ్డాక మరో సందేశం రావాలి. ఏ రోజునైనా మ్యాండేటును ఉపసంహరించుకునే వీలు బ్యాంకు తన వెబ్‌సైటులోనో యాప్‌లోనో కల్పించాలి, ఈ సౌకర్యానికి ఖాతాదారు నుంచి రుసుము తీసుకోరాదు. అంటే మన నియంత్రణ వ్యవస్థ సమ్మతిని ఒక్కసారి నొక్కి వదిలేసే మీటగా చూడలేదు. ప్రతి కోతకు ముందూ తిరిగి అడగవలసినదిగా చూసింది. మౌనం అంగీకారమన్న సామెతను బ్యాంకులు అరువు తెచ్చుకోవాలంటే ముందు అడిగినట్టు రుజువు చూపించాలి. అడగనిదే మౌనం మౌనమే, అంగీకారం కాదు.

2021 అక్టోబరులో ఈ నియమాలు అమలైనప్పుడు వ్యాపార వర్గాల్లో పెద్ద గగ్గోలు లేచింది. కార్డు మీద సాగుతున్న చందాలు ఆగిపోయాయని, వినియోగదారులు మళ్లీ మళ్లీ అనుమతి ఇవ్వవలసి వస్తోందని, సౌకర్యాన్ని నియంత్రణ చంపేసిందని విమర్శలు వచ్చాయి. ఆ విమర్శలో కొంత నిజముంది; కరెంటు బిల్లు, పిల్లల ఆన్‌లైన్ పాఠాలు వంటి అవసరమైన చెల్లింపులు ఆగితే ఇబ్బందే. కాని ఒక్క సందేశం పంపి, ఒక్క రోజు ఆగితే కూలిపోయే వ్యాపారం ఏదైనా ఉంటే, అది నడుస్తున్నది వినియోగదారు ఇష్టం మీద కాదు, మరుపు మీద. ఈ మాట వట్టి ఆక్షేపణ కాదు. అమెరికాలో లిరాన్ ఐనవ్, బెంజమిన్ క్లోపాక్, నీల్ మహోనీ అనే ఆర్థికవేత్తలు పది ప్రసిద్ధ చందా సేవల కార్డు లావాదేవీలను పరిశీలించినప్పుడు, కార్డు మారి చెల్లింపు ఆగి చందాదారు మళ్లీ నిర్ణయించుకోవలసి వచ్చిన నెలలో రద్దులు ఒక్కసారిగా పెరిగాయని తేలింది. వినియోగదారుల పరాకు వల్ల అమ్మకందార్లకు అదనంగా వచ్చే ఆదాయం సేవను బట్టి 14 శాతం నుంచి 200 శాతానికి పైగా ఉందని వారు లెక్కకట్టారు. అడిగితే వద్దనేవారు అడగకపోతే కడుతూనే ఉన్నారన్నమాట. తప్పు మీది అని ఖాతాదారును మందలించేవారు ఈ లెక్క చూసి, ఆ పరాకు ఎవరి లాభనష్టాల పట్టీలో రాబడిగా చేరుతోందో చెప్పాలి.

బ్యాంకు బాధ్యత అంతటితో ఆగదు. అనధికార ఎలక్ట్రానిక్ లావాదేవీల్లో ఖాతాదారు నష్టానికి హద్దులు గీస్తూ 2017 జులై 6న రిజర్వు బ్యాంకు ఇచ్చిన సర్క్యులర్ ఈ పునరావృత చెల్లింపులకు కూడా వర్తిస్తుందని 2019 సర్క్యులరే చెప్పింది. ఆ 2017 సర్క్యులర్ ప్రకారం తప్పు బ్యాంకు వైపు ఉంటే, ఖాతాదారు ఫిర్యాదు చేసినా చేయకపోయినా, అతని మీద పైసా భారం పడదు. తప్పు బ్యాంకుదీ ఖాతాదారుదీ కాక మధ్యలో మరెక్కడో జరిగితే, బ్యాంకు నుంచి సమాచారం అందిన మూడు పనిదినాల్లో తెలియజేసినవారికి భారం లేదు. నాలుగు నుంచి ఏడు పనిదినాల మధ్య తెలియజేస్తే ప్రాథమిక పొదుపు ఖాతాకు 5,000, మామూలు పొదుపు ఖాతాకు 10,000 దాకా భారం ఖాతాదారుదే. పైకి ఉదారంగా కనిపించే ఈ హద్దులో ఒక మెలిక ఉంది. చందా కోత 199 రూపాయలైనప్పుడు 10,000 పరిమితి ఎవరినీ కాపాడదు. నాలుగో రోజు వచ్చిన ఖాతాదారు ఆ 199 మొత్తం పోగొట్టుకుంటాడు. అందుచేత నెలాఖరున స్టేట్‌మెంటు చూసుకోండి అనే సలహా చిన్న కోతల విషయంలో ఆలస్యపు సలహా. అయితే ఆ మూడు రోజుల గడియారం తిరగడం మొదలయ్యేది కోత పడిన రోజు నుంచి కాదు, బ్యాంకు సమాచారం అందిన నాటి నుంచి. సందేశమే రానివారికి గడువు దాటిందని చెప్పే హక్కు బ్యాంకుకు లేదు. ఖాతాదారుదే తప్పని రుజువు చేసే భారం కూడా ఆ సర్క్యులర్ బ్యాంకు నెత్తినే పెట్టింది. కౌంటరు వెనక నుంచి ఎక్కడో నొక్కి ఉంటారు అని వచ్చే మాట రుజువు కాదు, ఊహ.

ఇక్కడ ఎదుటి పక్షంలోనూ ఒక అతివాదం ఉంది, దానినీ ఖండించక తప్పదు. పేరు తెలియని కోత ప్రతిదీ సైబర్ నేరమేనని, కార్డు బ్లాక్ చేయించి అనధికార లావాదేవీ అని రాసిచ్చేస్తే డబ్బు తిరిగి వస్తుందని కొందరు చెబుతారు. ఈ సలహా ఖాతాదారునే ఇరకాటంలో పెడుతుంది. పిన్ కొట్టి మ్యాండేట్ ఇచ్చిన మాట నిజమైనప్పుడు దానిని అనధికారం అని రాయడం అబద్ధం, బ్యాంకు రికార్డు చూపించగానే ఫిర్యాదు వీగిపోతుంది. మ్యాండేటే లేకుండా పడిన కోత ఒక రకం. మ్యాండేట్ ఉన్నా 24 గంటల ముందు సందేశం రానిది మరో రకం. రద్దు చేశాక కూడా పడినది ఇంకో రకం. ఉచితమని నమ్మించి చందాగా మార్చినది వేరు. అన్నీ తెలిసి తీసుకుని మరిచిపోయినది అసలు తగాదాయే కాదు, దానికి డబ్బు తిరిగి అడగడం న్యాయమూ కాదు. ఆ రోజు నుంచి రద్దు చేసుకోవడమే పని. రద్దు చేశాక పడిన కోతకు కార్డు నెట్‌వర్కుల్లో ప్రత్యేకమైన దారి ఉంది. కార్డు ఇచ్చిన బ్యాంకు వ్యాపారి బ్యాంకు నుంచి డబ్బు వెనక్కు రప్పించే ఈ పద్ధతిని చార్జ్‌బ్యాక్ అంటారు, వీసా నిబంధనల్లో రద్దయిన పునరావృత చెల్లింపుకు 13.2 అనే కారణ సంఖ్య విడిగా ఉంది. రద్దు చేసినట్టు వచ్చిన ఈమెయిలో, తెర చిత్రమో చేతిలో ఉంటే ఈ ఫిర్యాదు బలంగా నిలుస్తుంది. కార్డు బ్లాక్ చేయడం వల్ల యూపీఐ ఆటోపే ఆగదు, అది కట్టుబడి ఉన్నది ఖాతాకు. దానిని చెల్లింపుల యాప్‌లోని ఆటోపే విభాగంలోకి వెళ్లి రద్దు చేయాలి.

నొక్కినవాడిదే తప్పు అనే వాదం కొత్తదీ కాదు. పదిహేనేళ్ల కిందట ఇదే మాట కాలర్ ట్యూన్ల విషయంలో వినిపించేది. రీచార్జి చేసిన బ్యాలెన్సు నుంచి నెలకు ముప్పై రూపాయలు ఎందుకు పోతున్నాయని అడిగితే, మీరే స్టార్ నొక్కారు అని కాల్ సెంటరు జవాబిచ్చేది. ఆ రోజుల్లో చేతిలో కీప్యాడ్ ఫోన్ ఉన్నవారిలో ఈ జవాబు విననివారు అరుదు. టెలికం నియంత్రణ సంస్థ ట్రాయ్ ఆ వాదాన్ని అంగీకరించలేదు. 2011 జులైలోనూ, మరింత గట్టిగా 2013 జులై 10నా ఇచ్చిన ఆదేశాల్లో, ఇలాంటి అదనపు సేవలకు ఒక్క నొక్కు సరిపోదని, రెండోసారి విడిగా ధ్రువీకరణ తీసుకున్నాకే రుసుము వసూలు చేయాలని కంపెనీలను కట్టడి చేసింది. రద్దుకు 155223 అనే ఉచిత సంఖ్యను అన్ని కంపెనీలకూ ఉమ్మడిగా పెట్టించింది. జనం ఒక్కసారిగా జాగ్రత్తపరులైనందువల్ల ఆ బెడద తగ్గలేదు, రెండో ధ్రువీకరణ తప్పనిసరి అయినందువల్ల తగ్గింది.

సాఫ్ట్‌వేర్ చందాల విషయంలోనూ చట్టం ఇప్పుడు అదే దిక్కుగా కదిలింది. 2019 వినియోగదారుల రక్షణ చట్టం కింద కేంద్ర వినియోగదారుల రక్షణ ప్రాధికార సంస్థ 2023 నవంబరు 30న డార్క్ ప్యాటర్న్స్ నివారణ మార్గదర్శకాలు జారీ చేసింది. వినియోగదారును అతను అనుకోని దారిలోకి నెట్టేలా తెరలను మలిచే కపట పద్ధతులను డార్క్ ప్యాటర్న్స్ అంటారు. ఆ పట్టికలోని పదమూడింటిలో రెండు నేరుగా ఈ విషయానికే చెందినవి: చేరడం తేలిక చేసి మానుకోవడం అసాధ్యం గానో చిక్కు గానో చేసే చందా ఉచ్చు ఒకటి, సేవా రూప సాఫ్ట్‌వేరుకు చాటుమాటుగా పదేపదే బిల్లు వేయడం రెండోది. ఉచిత గడువు ముగిసి చందాగా మారుతున్నప్పుడు తెలియజేయకపోవడం, చెప్పకుండా ఖాతా నుంచి కోత వేయడం ఈ రెండో దానికి ఉదాహరణలుగా ఆ పత్రంలోనే ఉన్నాయి. అంటే ఏ కోతను ఖాతాదారు అజాగ్రత్త అని బజారు తేల్చేస్తోందో, దానినే అనుచిత వ్యాపార పద్ధతి అని ప్రభుత్వ పత్రం పేరు పెట్టి చెబుతోంది. లోకంలోనూ గాలి అటే వీస్తోంది. జర్మనీ 2022 జులై 1 నుంచి వెబ్‌సైట్లలో రద్దు మీటను తప్పనిసరి చేసింది. ప్రైమ్ చందాల్లోకి జనాన్ని తెలియకుండా చేర్చుకుని, బయటికి పోనీయలేదన్న వ్యాజ్యంలో అమెజాన్ 2025 సెప్టెంబరులో తప్పు ఒప్పుకోకుండానే 250 కోట్ల డాలర్లకు రాజీ పడింది; రద్దు చేసుకునే దారికి ఆ సంస్థ లోపల ఇలియడ్ అనే సుదీర్ఘ గ్రీకు ఇతిహాసం పేరు పెట్టుకున్నారని అమెరికా ఫెడరల్ ట్రేడ్ కమిషన్ ఆరోపించింది. పేరు పెట్టినవారికి ఆ దారి ఎంత పొడుగో బాగానే తెలుసు.

పోయింది నూటయాభయ్యే కదా అన్న మూడో మాటకు జవాబు సులువైన గుణకారంలో ఉంది. నెలకు 149 రూపాయలు ఏడాదికి 1,788. ఆంధ్రప్రదేశ్‌లో 2025-26కు ఉపాధి హామీ దినకూలి 307 రూపాయలు. అంటే రామభద్రపురం వైపు చెరువు పనికి వెళ్లే కూలీకి ఎవరూ వాడని ఒక యాప్ దాదాపు ఆరు రోజుల మట్టిపనితో సమానం. ఖాతాలో డబ్బు లేనప్పుడు నాచ్ మ్యాండేట్ వెనక్కు పోతే బ్యాంకును బట్టి కొన్ని వందల రూపాయల జరిమానా, దాని మీద జీఎస్టీ పడతాయి. కోత కన్నా కోత పడనందుకు వేసే రుసుమే ఎక్కువైన సందర్భాలు అలా వస్తాయి. చిన్న మొత్తం అన్నది ఎవరి కొలతతో చిన్నదో అడగకుండా దులిపేసుకోమనడం, నెల జీతం వచ్చేవారు రోజుకూలికి ఇచ్చే సలహా. పైగా ఈ వ్యాపారం ఆధారపడినదే ఆ చిన్నతనం మీద; ఒక్కరి నుంచి పదివేలు తీస్తే ఫిర్యాదు వస్తుంది, వందమంది నుంచి వంద చొప్పున తీస్తే రాదు.

ఫిర్యాదు దారి బొబ్బిలివాసికి దూరమేమీ కాదు, కాని అది వరసలో నడవాలి. మొదట మ్యాండేటును రద్దు చేసి, ఆ తెర చిత్రాన్ని దాచుకుని, బ్యాంకుకు రాతపూర్వకంగా రాయాలి. నోటిమాటగా చెప్పి రావడం ఫిర్యాదు కాదు, ఫిర్యాదు సంఖ్య చేతికి వచ్చినదే ఫిర్యాదు. అందులో ఎవరో దోచుకున్నారని కాక, ఫలానా తేదీ కోతకు 24 గంటల ముందు సందేశం పంపినట్టు రికార్డు చూపించండి అని అడగాలి, ఎందుకంటే ఆ ఒక్క ప్రశ్నతో రుజువు భారం ఎక్కడ ఉండాలో అక్కడికి చేరుతుంది. ముప్పై రోజుల్లో జవాబు రాకపోయినా, వచ్చిన జవాబు సరిపడకపోయినా 2021 నవంబరు 12న మొదలైన ఏకీకృత అంబుడ్స్‌మన్ వ్యవస్థకు రుసుము లేకుండా ఫిర్యాదు చేయవచ్చు. దాని సమాచారానికి ఫోను 14448. వ్యాపారి మీద ఫిర్యాదుకు జాతీయ వినియోగదారుల సహాయ సంఖ్య 1915. అసలైన మోసమైతే 1930. కంపెనీ కస్టమర్ కేర్ నంబరు కోసం ఇంటర్నెట్‌లో వెతకడం మాత్రం ఈ వ్యవహారమంతటిలోకీ ప్రమాదకరమైన అడుగు, ఎందుకంటే రీఫండ్ ఇప్పిస్తామనే నకిలీ నంబర్లు కాచుకుని ఉండేది సరిగ్గా అక్కడే. 199 కోసం వెతికినవారు ఖాతా మొత్తం పోగొట్టుకునే ప్రమాదం అక్కడ ఉంది.

ఈ ఫిర్యాదుల్లో బ్యాంకు వ్యాపారిని, వ్యాపారి చెల్లింపుల సంస్థను, ఆ సంస్థ మళ్లీ బ్యాంకును చూపించడం రివాజు. తిలాపాపం తలా పిడికెడు అయినప్పుడు ఖాతాదారు పిడికిలి మాత్రమే ఖాళీగా మిగులుతుంది. 2019 సర్క్యులర్ ఈ ఆటకు కొంత అడ్డుకట్ట వేసింది. తాము చేర్చుకున్న వ్యాపారులు నియమాలు పాటించేలా చూడవలసింది వ్యాపారి బ్యాంకేనని, ఖాతాదారుకు తగాదా పరిష్కార వ్యవస్థ ఏర్పరచవలసింది కార్డు ఇచ్చిన బ్యాంకని అది చెప్పింది. కనుక మాకు సంబంధం లేదు, కంపెనీని అడగండి అన్న జవాబు ఖాతాదారు సొంత బ్యాంకు నోట రాకూడదు.

అన్నిటికన్నా బలహీనమైన చోటు ఆ 24 గంటల సందేశమే, ఉత్తరాంధ్రలో అది మరీ స్పష్టంగా కనిపిస్తుంది. కొడుకు హైదరాబాదులోనో చెన్నైలోనో పనిచేస్తూ, తల్లిదండ్రుల ఖాతాకు తన నంబరే ఇచ్చి ఉంటే సందేశం అతనికి పోతుంది, ఫోన్‌లో యాప్ నొక్కేది ఇక్కడి మనవడు, డబ్బు పోయేది తాత ఖాతాలో. సందేశం సరైన ఫోన్‌కే వచ్చినా, ప్రకటనల మధ్య ఇంగ్లీషులో వచ్చిన ఆ రెండు వాక్యాలు తెలుగు మాత్రమే చదివేవారికి రానట్టే లెక్క. రిజర్వు బ్యాంకు 2019 సర్క్యులర్ ఈ సందేశం స్పష్టంగా, సందిగ్ధత లేకుండా, అర్థమయ్యే భాషలో ఉండాలని కోరింది. ఖాతా తెరిచే ఫారాలూ పాస్‌బుక్కులూ స్థానిక భాషలో కూడా ఉండాలని బ్యాంకులకు ఎప్పటి నుంచో ఆదేశం ఉంది. డబ్బు పోబోతోందని చెప్పే ఒక్క సందేశం మాత్రం ఖాతాదారు చదవలేని భాషలో పంపి, అతను స్పందించలేదు కనుక ఒప్పుకున్నాడని రాసుకోవడం ఆ సర్క్యులరును అక్షరాలా ఉల్లంఘించడమే. ఈ వాదాన్ని గట్టిగా ముందుకు తేవలసింది ఖాతాదారులు కాదు, వారి తరఫున మాట్లాడవలసిన వినియోగదారుల సంఘాలూ, బ్యాంకు ఉద్యోగుల సంఘాలూ.

ఈ వాదాన్ని విచారించే వేదిక, జిల్లా వినియోగదారుల కమిషన్, బొబ్బిలికి యాభై కిలోమీటర్ల పైచిలుకు దూరంలో విజయనగరంలోనే ఉంది. ఫిర్యాదుదారు నివసించే జిల్లాలోనే కేసు వేసుకోవచ్చని 2019 వినియోగదారుల రక్షణ చట్టం 34వ సెక్షన్ చెబుతుంది, కంపెనీ బెంగళూరులో ఉన్నా బయటి దేశంలో ఉన్నా అది మారదు. చెల్లించిన మొత్తం ఐదు లక్షల లోపు అయితే జిల్లా కమిషన్‌లో రుసుము లేదు, వకీలును పెట్టుకోవలసిన నిర్బంధం లేదు, ఈ-జాగృతి వేదిక ద్వారా ఇంటి నుంచే దాఖలు చేయవచ్చు, కోత పడిన నాటి నుంచి రెండేళ్ల గడువు ఉంది.